వర్చువల్ లోకంలో కట్టుకున్నది ఎవరిది? సెకండ్ లైఫ్, ఓపెన్‌సిమ్, లువాంటీలలో దేన్ని ఎంచుకోవాలి

హనుమకొండలో త్రీడీ మోడలింగ్ నేర్చుకుంటున్న విద్యార్థి రామప్ప గుడి మండపాన్ని కంప్యూటర్‌లో మలచాలనుకున్నా, వరంగల్ కొత్తవాడలో దుర్రీల (నేత తివాచీల) నమూనాలు గీసే కళాకారుడు తన డిజైన్లను వర్చువల్ ఇళ్లలో పరుచుకునే వస్తువుగా అమ్మాలనుకున్నా, ముందు తేల్చుకోవలసింది ఏ వర్చువల్ లోకంలో (అంటే కంప్యూటర్‌లో మన బొమ్మ రూపంలో తిరుగుతూ వస్తువులు కట్టుకునే త్రీడీ లోకంలో) కట్టాలి, ఏ సాఫ్ట్‌వేర్‌తో కట్టాలి అన్నది. దీనికి సాధారణంగా దొరికే సలహాలు బొమ్మ నాణ్యత, నెలవారీ ఖర్చు, అక్కడికి వచ్చే జనం సంఖ్య చుట్టూ తిరుగుతాయి. అవన్నీ చూడవలసినవే. అయితే ఆ లోకాన్ని నడిపే సంస్థ రేపు మూతపడినా, మన ఖాతాను నిలిపివేసినా, మనం కట్టినది ఫైలు రూపంలో మన చేతికి తిరిగి వస్తుందా, వచ్చిన ఫైలు మరొక చోట తెరుచుకుంటుందా అన్నది వాటన్నిటికంటే ముందు అడగవలసిన ప్రశ్న. షరతుల పత్రంలో యాజమాన్యం గురించి ఎంత ఉదారంగా రాసి ఉన్నా, ఈ పరీక్షకు నిలబడని లోకంలో మన శ్రమను పూర్తిగా పెట్టకూడదని నేను గట్టిగా నమ్ముతాను. ఈ పోలికంతా ఆ నమ్మకం మీదనే సాగుతుంది.

ముందుగా మూడు వస్తువులను విడదీసి చూడాలి. మన కంప్యూటర్‌లో నడుస్తూ లోకాన్ని తెరపై చూపించే ప్రోగ్రాం వ్యూయర్. ఆ లోకాన్ని నిలిపి ఉంచేది సర్వర్. మనం తయారుచేసిన ఆకారాలు, వాటిపై అతికించిన చిత్రాలు, వాటిని కదిలించే స్క్రిప్టులు కలిస్తే వస్తు సామగ్రి. సెకండ్ లైఫ్ అనే లోకంలో సర్వర్ పూర్తిగా దాన్ని నడిపే సంస్థ చేతిలో ఉంటుంది, వ్యూయర్‌ను మాత్రం బయటివారు కూడా తయారుచేయవచ్చు. ఓపెన్‌సిమ్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌తో సర్వర్‌ను కూడా మనమే నడుపుకోవచ్చు. బయటి సాఫ్ట్‌వేర్ మంచిదా, చెడ్డదా అని సాగే వాదనల్లో చాలా గందరగోళం ఈ మూడింటినీ ఒకే గాట కట్టడం వల్లనే పుడుతుంది.

భూమి కొన్నామా, వాడుకునే అనుమతి కొన్నామా

అమెరికాకు చెందిన లిండెన్ ల్యాబ్ 2003 జూన్‌లో సెకండ్ లైఫ్‌ను ప్రారంభించింది. అదే ఏడాది నవంబరులో, వాడుకరులు తయారుచేసిన వాటిపై మేధో హక్కులు వారికే ఉంటాయని ప్రకటించింది. ఆ రోజుల్లో మరే వర్చువల్ లోకమూ అంత స్పష్టంగా చెప్పని మాట అది. దాన్ని నమ్మి వేలాది మంది అక్కడ దుకాణాలు పెట్టుకున్నారు, భూమి కొన్నారు. అక్కడి భూమిలో ఒక ముక్కను రీజియన్ అంటారు; ఒక్కో రీజియన్ 256 మీటర్ల పొడవు, 256 మీటర్ల వెడల్పు; మన లెక్కలో దాదాపు 16 ఎకరాల 8 గుంటలు.

ఆ భూమి నిజంగా ఎవరిదన్న ప్రశ్న 2006లో కోర్టుకెక్కింది. పెన్సిల్వేనియా న్యాయవాది మార్క్ బ్రాగ్ వేలంలో భూమి కొన్న పద్ధతి అక్రమమని భావించిన సంస్థ ఆయన ఖాతాను స్తంభింపజేసి, అందులోని భూములను, డబ్బును స్వాధీనం చేసుకుంది. వివాదాన్ని మధ్యవర్తి ముందే తేల్చుకోవాలన్న షరతు వాడుకరికి అన్యాయం చేసేదిగా ఉందని 2007 మే నెలలో ఫెడరల్ కోర్టు దాన్ని తోసిపుచ్చింది. కానీ ఇరుపక్షాలూ ఆ ఏడాదిలోనే రాజీపడటంతో, వర్చువల్ భూమికి యజమాని ఎవరన్న అసలు ప్రశ్న తీర్పు వరకు వెళ్లలేదు. మన పల్లెల్లో సాదా బైనామాపై పొలం కొన్నవారికి ఈ చిక్కును వివరించనక్కరలేదు. డబ్బు ఇచ్చారు, పొలం దున్నుకుంటున్నారు, చేతిలో కాగితం ఉంది, అయినా పహాణీలో పేరు మరొకరిది. వర్చువల్ లోకంలో ఆ పహాణీ సంస్థ సర్వర్‌లో ఉంటుంది, దాన్ని దిద్దే అధికారం కూడా ఆ సంస్థదే. సాదా బైనామా క్రమబద్ధీకరణకు కనీసం ప్రభుత్వం దరఖాస్తులు స్వీకరించిన సందర్భాలు ఉన్నాయి. ఇక్కడ ఆ దారి కూడా లేదు.

మేధో హక్కుల సంగతి భూమి సంగతి కంటే కొంత మేలు. అక్కడ మనం తయారుచేసిన దుర్రీ డిజైన్‌పై హక్కు మనదే. అయితే దాన్ని ఎక్కించిన క్షణంలోనే సంస్థకు విస్తృతమైన వాడుక అనుమతి ఇస్తున్నామన్నది మరవకూడదు. 2013లో ఆ అనుమతిని ఏ ప్రయోజనానికైనా వాడుకునేంత విశాలంగా మార్చినప్పుడు కళాకారులు తీవ్రంగా నిరసించారు. సీజీ టెక్స్చర్స్ వంటి చిత్రాల సంస్థ తన చిత్రాలను సెకండ్ లైఫ్‌లో వాడవద్దని ప్రకటించింది. మరుసటి ఏడాది లిండెన్ ల్యాబ్ ఆ షరతును సవరించింది. షరతులు మారతాయి, అవి మారే రోజు మనకు ముందుగా తెలియదు. అసలు ఫైలు మన దగ్గర ఉండాలని నేను పట్టుబట్టడానికి ఇదే కారణం.

బయటి వ్యూయర్లు: సంస్థ వ్యూయర్‌తో పోలిస్తే

2007 జనవరిలో లిండెన్ ల్యాబ్ తన వ్యూయర్ సోర్స్ కోడ్‌ను విడుదల చేసింది. నేడు ఎక్కువగా వినిపించే ఫైర్‌స్టార్మ్‌తో పాటు సింగులారిటీ, ఆల్కెమీ, కూల్ వీఎల్, బ్లాక్ డ్రాగన్ వంటివన్నీ ఆ కోడ్ నుంచి పుట్టినవే. అంతకు రెండు నెలల ముందు, 2006 నవంబరులో, కాపీబాట్ గొడవ జరిగింది. సెకండ్ లైఫ్ సర్వర్‌తో మాట్లాడే విధానాన్ని బయటి నుంచి అధ్యయనం చేసి కొందరు ఔత్సాహికులు లిబ్‌సెకండ్‌లైఫ్ అనే లైబ్రరీని (ఇతర ప్రోగ్రాంలు వాడుకునే కోడ్ సంపుటిని) రాశారు. దాని నుంచి పుట్టిన ఒక పరికరం ఎదుట కనిపించే ఏ వస్తువునైనా అనుమతి లేకుండా నకలు చేయగలిగింది. వ్యాపారులు నిరసనగా దుకాణాలు మూసేశారు.

అది ఎలా సాధ్యమైందో తెలుసుకుంటేనే బయటి వ్యూయర్ల మీద భయం ఎంతవరకు సబబో తేలుతుంది. ఒక దుర్రీని ఉదాహరణగా తీసుకుందాం. 1024 పిక్సెళ్ల పొడవు, వెడల్పులతో దాని చిత్రాన్ని ఎక్కించి, పలుచని పలకపై అతికించి, అమ్మకానికి పెట్టేముందు వస్తువు కిటికీలో తదుపరి యజమానికి ఇచ్చే అనుమతులను నిర్ణయిస్తాం. మాడిఫై, కాపీ, ట్రాన్స్‌ఫర్ అని అక్కడ మూడు గడులు ఉంటాయి. కాపీ గడిలో టిక్కు తీసేస్తే, కొన్నవారు దాన్ని ఒకచోట మాత్రమే పరచుకోగలరు. ఈ నియమాన్ని కాపలా కాసేది సర్వర్. కానీ దుర్రీని తెరపై గీయాలంటే దాని చిత్రం మొత్తం చూసేవారి కంప్యూటర్‌లోకి దిగక తప్పదు. అలా దిగిన చిత్రాన్ని నిజాయితీ గల వ్యూయర్ చూపించి ఊరుకుంటుంది, లేని వ్యూయర్ దాచుకుంటుంది. స్క్రిప్టులు మాత్రం సర్వర్‌లోనే నడుస్తాయి, వాటి కోడ్ చూసేవారి కంప్యూటర్‌కు రాదు కనుక కాపీబాట్‌కు అవి చిక్కలేదు. అందువల్ల కేవలం చిత్రం మీద ఆధారపడిన వస్తువుకంటే, తలుపు తెరిచే, రంగు మార్చే, వివరాలు చదివి వినిపించే స్క్రిప్టు ఉన్న వస్తువు దొంగతనానికి కొంత తట్టుకుంటుంది. అమ్మకం కోసం తయారుచేసేవారు ఈ తేడాను డిజైన్ దశలోనే ఆలోచించుకోవాలి.

ఆ లైబ్రరీయే తర్వాత లిబ్‌ఓపెన్‌మెటావర్స్‌గా మారింది, దాని మీదనే రాడెగాస్ట్ అనే తేలికపాటి వ్యూయర్ తయారైంది. పాత కంప్యూటర్లు ఉన్నవారికి, తెరపై బొమ్మను చూడలేక అక్షరాలను చదివించుకుని వినే అంధులకు అది దారి చూపింది. దొంగతనానికి పనికొచ్చిన పునాది మీదనే అంధులకు ప్రవేశద్వారం కట్టారంటే, బయటి సాఫ్ట్‌వేర్‌ను మొత్తంగా నిషేధించాలన్న వాదనను నేను ఎందుకు ఒప్పుకోనో అర్థమవుతుంది. మన చట్టం కూడా ఇదే తేడాను పాటిస్తుంది. స్వతంత్రంగా రాసిన ప్రోగ్రాం మరొక ప్రోగ్రాంతో కలిసి పనిచేయడానికి అవసరమైన సమాచారాన్ని రాబట్టుకోవడం ఉల్లంఘన కాదని 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షన్ చెబుతుంది. హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో రక్షణ ఏర్పాట్లను ఛేదిస్తే రెండేళ్ల వరకు జైలు శిక్ష ఉంటుందని 2012 సవరణలో వచ్చిన 65ఎ సెక్షన్ చెబుతుంది.

అయినా జాగ్రత్త అవసరం, ఎందుకంటే మన పాస్‌వర్డ్ ఆ వ్యూయర్ గుండానే వెళుతుంది. 2010లో లిండెన్ ల్యాబ్ బయటి వ్యూయర్లకు ఒక విధానాన్ని ప్రకటించి, దానికి కట్టుబడినవాటి జాబితాను పెట్టింది. అదే ఏడాది ఆగస్టులో, అప్పట్లో విశేష ఆదరణ ఉన్న ఎమరాల్డ్ వ్యూయర్ లాగిన్ తెరను వాడుకుని మరొకరి వెబ్‌సైటుపై దాడి జరిగిందని బయటపడటంతో దాన్ని ఆ జాబితా నుంచి తొలగించారు. ఆ బృందం నుంచి విడివడినవారు ఫీనిక్స్‌ను, దాని తర్వాత ఫైర్‌స్టార్మ్‌ను తెచ్చారు. జాబితాలో లేని వ్యూయర్‌ను, ముఖ్యంగా ఏ వస్తువునైనా కాపీ చేసిపెడతానని చెప్పుకునేదాన్ని, ఎంత పరిచయస్తులు పంపినా దించుకోకూడదు.

కేవలం తిరిగి చూసేవారికి, మొదటిసారి వచ్చేవారికి సంస్థ వ్యూయర్ చాలు. కొత్త సౌకర్యాలు ముందుగా అందులోనే వస్తాయి. కట్టేవారికి, అమ్మేవారికి ఫైర్‌స్టార్మ్ మేలు. నిర్మాణ పరికరాలు, అమరికలు అందులో ఎక్కువ. అన్నింటికంటే, మనమే తయారుచేసిన వస్తువును కంప్యూటర్‌లోకి భద్రపరచుకునే సౌకర్యం ఉంది. వస్తువులోని ప్రతి భాగానికీ సృష్టికర్తగా మన పేరే ఉంటేనే అది పనిచేస్తుంది. డబ్బు పెట్టి కొన్నదాన్ని ఇలా బయటకు తీయలేం. కొన్నవారికి ఇది కష్టంగా తోచడం సహజం. డబ్బు ఇచ్చినదాన్ని దాచుకునే హక్కు ఎందుకు లేదన్న వారి ప్రశ్నలో న్యాయం ఉంది. అయినా, ఆ హద్దు లేకపోతే చిన్న కళాకారుడి వస్తువు ఒక్క రోజులో పది చోట్ల ఉచితంగా పంచబడుతుంది. ఇక్కడ నేను కళాకారుడి పక్షమే. బయటకు తీసుకెళ్లే అవసరం ఉన్నవారు కొనేముందే అమ్మేవారిని అడిగి, ఆ అనుమతితో కూడిన ధర మాట్లాడుకోవడం సరైన పద్ధతి.

ఫైర్‌స్టార్మ్‌లో రెండు రకాలు ఉన్నాయన్నది కొత్తవారు తరచూ గమనించరు. సెకండ్ లైఫ్ కోసం ఇచ్చేదానిలో హావోక్ అనే భౌతిక లెక్కల లైబ్రరీ ఉంటుంది, దాని లైసెన్సు షరతుల వల్ల అది వేరే గ్రిడ్‌లకు (ఇతరులు తమ సర్వర్లపై నడిపే లోకాలకు) వెళ్లదు. ఓపెన్‌సిమ్ గ్రిడ్‌లకు వెళ్లాలంటే దానికోసం ప్రత్యేకంగా ఇచ్చే రకాన్ని దించుకోవాలి.

ఓపెన్‌సిమ్: సర్వర్ కూడా మనదైతే

2007 జనవరిలో మొదలైన ఓపెన్‌సిమ్యులేటర్ (పొట్టిగా ఓపెన్‌సిమ్), సెకండ్ లైఫ్ వ్యూయర్లతోనే చూడగలిగే లోకాన్ని మన సొంత కంప్యూటర్‌లో నిలబెట్టే ఉచిత సర్వర్. ఎవరైనా వాడుకుని, మార్చుకోగల బీఎస్‌డీ లైసెన్సు కింద వస్తుంది. దీని అసలు బలం ఒక్క ఆదేశంలో ఉంది. సర్వర్ నడుస్తున్న నల్ల కిటికీలో సేవ్ ఓఏఆర్ అని టైపు చేసి ఫైలు పేరు ఇస్తే, ఆ రీజియన్‌లోని నేల ఎత్తుపల్లాలు, కట్టడాలు, చిత్రాలు, స్క్రిప్టులు అన్నీ ఒకే ఫైలులో సర్దుకుంటాయి. దాన్ని పెన్‌డ్రైవ్‌లో వేసుకుని కాజీపేటలోని మిత్రుడి కంప్యూటర్‌లో లోడ్ ఓఏఆర్ అంటే అదే మండపం, అవే స్తంభాలు, అదే చోట లేచి నిలబడతాయి. మొదట చెప్పిన పరీక్షలో ఇంత తేలికగా గెలిచే వర్చువల్ లోకం మరొకటి అరుదు.

కష్టాలు లేవని కాదు. కళాశాల ల్యాబ్ లోపల, ఒకే నెట్‌వర్క్‌లో ఉన్న కంప్యూటర్ల మధ్య ఇది ఇంటర్నెట్ లేకుండానే చక్కగా నడుస్తుంది. ఇంటి నుంచి బయటివారికి చూపించాలంటే మాత్రం, మన దగ్గర చాలా బ్రాడ్‌బ్యాండ్ కనెక్షన్లలో ఒకే పబ్లిక్ చిరునామాను ఎన్నో ఇళ్లకు పంచి ఇస్తారు కాబట్టి బయటి నుంచి వచ్చేవారికి మన సర్వర్ దొరకదు. స్టాటిక్ ఐపీ (మనకే కేటాయించే, మారని ఇంటర్నెట్ చిరునామా) తీసుకోవాలి, లేదా నెలకు అద్దె కట్టి బయట ఒక సర్వర్ పెట్టుకోవాలి. జనం తక్కువ కనుక అమ్మకాలు ఆశించి ఇక్కడికి రావద్దు.

సొంతంగా నడపలేనివారు ఇతరుల గ్రిడ్‌లో స్థలం తీసుకోవచ్చు. కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం ఇర్వైన్‌లో ఆచార్యులైన క్రిస్టా లోపెస్ రూపొందించిన హైపర్‌గ్రిడ్ వల్ల ఒక గ్రిడ్‌లోని అవతార్ (ఆ లోకంలో మన బొమ్మ) మరొక గ్రిడ్‌కు వెళ్లి రాగలదు. ఆ స్వేచ్ఛతో పాటే యాజమాన్య వివాదం కూడా గ్రిడ్‌లు దాటుతుంది. ప్రతి గ్రిడ్ నిర్వాహకుడికీ తన డేటాబేస్‌పై సంపూర్ణ అధికారం ఉంటుంది కనుక, మనం ఎత్తేసిన కాపీ గడిని అక్కడ గౌరవిస్తారా లేదా అన్నది నిర్వాహకుడి నిజాయితీకి వదిలేయవలసిందే. ఇందుకోసమే ఓపెన్‌సిమ్‌లో ఎక్స్‌పోర్ట్ అనే మరో అనుమతిని చేర్చారు. కైట్లీ వంటి గ్రిడ్‌లు వస్తువు బయటకు వెళ్లవచ్చా అన్నది దాన్ని బట్టే నిర్ణయిస్తాయి. స్థలం తీసుకునేముందు నిర్వాహకుడిని అడగవలసిన మొదటి మాట: నా రీజియన్ ఓఏఆర్ ఫైలును నేను కోరినప్పుడల్లా ఇస్తారా? ఇన్‌వరల్డ్స్ అనే వాణిజ్య గ్రిడ్ 2018లో మూతపడింది. ఓఎస్‌గ్రిడ్ వంటి పేరున్న గ్రిడ్ కూడా 2014లో నిల్వ వ్యవస్థ దెబ్బతిని నెలల తరబడి ఆగిపోయింది. పెద్ద పేరు చూసి నిశ్చింతగా ఉండటం తగదు.

బడి పిల్లలకు, పాత కంప్యూటర్లకు

ప్రభుత్వ పాఠశాలలోని పాత కంప్యూటర్లపై సెకండ్ లైఫ్ తరహా వ్యూయర్లు నడవడం కష్టం. అక్కడ లువాంటీని నేను నిస్సంకోచంగా సూచిస్తాను. పెర్టు అహోలా 2010లో మైన్‌టెస్ట్ పేరుతో మొదలుపెట్టిన ఈ ఉచిత సాఫ్ట్‌వేర్‌కు 2024లో పేరు మారింది. దిమ్మలు పేర్చి కట్టే లోకం ఇది. వరంగల్ కోటలోని కీర్తి తోరణాన్ని ఎనిమిదో తరగతి పిల్లలు దిమ్మలతో నిలబెట్టడానికి సరిగ్గా సరిపోతుంది. లోకం అంతా ఒక ఫోల్డర్‌లో ఉంటుంది, ఆ ఫోల్డర్‌ను కాపీ చేసుకుంటే చాలు. సన్నని శిల్పం, వంపులు మాత్రం ఇందులో రావు.

బ్లాక్‌చెయిన్ స్థలాల గురించి రెండు మాటలు చాలు. డీసెంట్రాలాండ్ వంటి చోట ఆ స్థలం మనదని బ్లాక్‌చెయిన్‌లో నమోదయ్యే గుర్తు, అంటే టోకెన్, మన పేరున ఉంటుంది, దాన్ని సంస్థ లాక్కోలేదు. కానీ ఆ స్థలానికి విలువ ఇచ్చే లోకం నడవడం ఆగితే, టోకెన్ మిగిలినా చూడటానికి ఏమీ మిగలదు. పైగా అమ్మకంలో వచ్చే లాభంపై 30 శాతం పన్ను 2022 ఏప్రిల్ నుంచి, 1 శాతం టీడీఎస్ అదే ఏడాది జూలై నుంచి అమలులో ఉన్నాయి. విద్యార్థులకు, చిన్న కళాకారులకు నేను దీన్ని సూచించను.

మూసివేత అంటే ఊహించుకుని భయపడటం కాదని చెప్పడానికి రెండు ఉదాహరణలు. మైక్రోసాఫ్ట్ చేతిలో ఉన్న ఆల్ట్‌స్పేస్‌వీఆర్ 2023 మార్చిలో మూతపడింది. సర్వర్ సంస్థదే కనుక ఆ లోకం అంతటితో ఆగింది. మొజిల్లా హబ్స్ సేవ 2024 మే చివర ఆగింది, కానీ దాని కోడ్ బహిరంగంగా ఉన్నందున ఇతరులు దాన్ని సొంత సర్వర్లపై కొనసాగించగలిగారు. రెండింటి వెనుకా పెద్ద సంస్థలే ఉన్నాయి. వాడుకరులకు మిగిలినదానిలో తేడా మాత్రం కోడ్ ఎవరి చేతిలో ఉందన్న దగ్గరే వచ్చింది.

ఏ అవసరానికి ఏది

అమ్మకమే లక్ష్యమైతే సెకండ్ లైఫ్, ఫైర్‌స్టార్మ్ జోడీ తప్ప నాకు మరో దారి కనిపించదు. కొనే జనం అక్కడ ఉన్నారు. మెష్ వస్తువులు (బయటి త్రీడీ సాఫ్ట్‌వేర్‌లో మలచిన ఆకారాలు) ఎక్కించడానికి చెల్లింపు వివరాలు ఇవ్వాలి, మేధో హక్కులపై చిన్న పరీక్ష రాయాలి. సర్వర్లు అమెరికాలో ఉండటం వల్ల మన దగ్గర ప్రతి కదలికకూ కొద్దిపాటి ఆలస్యం కనిపిస్తుంది, దానికి అలవాటుపడాలి. వారసత్వ కట్టడాల ప్రాజెక్టు, కళాశాల పని, ఏళ్ల తరబడి నిలవవలసిన నిర్మాణం అయితే సొంత ఓపెన్‌సిమ్. ఏది ఎంచుకున్నా అసలు మోడల్‌ను బ్లెండర్ అనే ఉచిత త్రీడీ సాఫ్ట్‌వేర్‌లోనే తయారుచేసి, ఆ ఫైళ్లను రెండు వేర్వేరు చోట్ల దాచి, వర్చువల్ లోకంలోకి వాటి నకలును మాత్రమే పంపాలి. లోకంలోపలి పరికరాలతోనే నేరుగా కట్టినదాన్ని తర్వాత బయటకు లాగడం చాలాసార్లు అసంపూర్ణంగానే జరుగుతుంది.

చిత్రాల విషయంలో కూడా శ్రద్ధ కావాలి. 1213 నాటి రామప్ప గుడికి కాపీరైట్ లేదు, కానీ ఇంటర్నెట్‌లో దొరికే దాని ఫోటోకు ఉంటుంది. మదనికల శిల్పాల మీద అతికించే చిత్రాలను పాలంపేట వెళ్లి సొంతంగా తీసుకున్న ఫోటోల నుంచే తయారుచేసుకోవడం మంచిది.

నలుగురు కలిసి కట్టేటప్పుడు మరొక చిక్కు వస్తుంది. వర్చువల్ లోకం సృష్టికర్త పేరును ఎక్కించిన ఖాతాకే రాసేస్తుంది. స్తంభాలు ఒకరు, పైకప్పు మరొకరు ఎక్కిస్తే, ఆ గుడి మొత్తాన్ని సెకండ్ లైఫ్ నుంచి బయటకు తీసే అర్హత ఏ ఒక్కరికీ ఉండదు. అన్నీ ఒకే ఖాతా నుంచి ఎక్కిస్తే, చదువు ముగించి వెళ్లిపోయిన ఆ ఒక్కరి చేతిలో అందరి శ్రమ ఉండిపోతుంది. మన చట్టంలో కాపీరైట్ బదిలీ రాతపూర్వకంగానే చెల్లుతుంది. కాలపరిమితి రాయకపోతే 5 సంవత్సరాలకే పరిమితమవుతుంది, ప్రాంతం రాయకపోతే భారతదేశానికే వర్తిస్తుంది. కనుక మొదటి స్తంభం ఎక్కించకముందే ఎవరు ఏది చేశారు, ఎవరి ఖాతా వాడుతున్నారు, ఓఏఆర్, బ్లెండర్ ఫైళ్లు ఎవరెవరి దగ్గర ఉంటాయి, బృందం విడిపోతే ఎవరు దేన్ని వాడుకోవచ్చు అన్నది కాలపరిమితి, ప్రాంతంతో సహా ఒక కాగితంపై రాసుకుని అందరూ సంతకాలు చేయాలి.